తొమ్మిది అడుగులు చెప్పిన ఊరు

వెళ్లొచ్చి పదిహేను రోజులైంది. తలంటుకున్నప్పుడల్లా జుట్టులోంచి ఇంకా పత్తి పింజెలు రాలుతూనే ఉన్నాయి. గుంటూరు నుంచి దొనకొండ దాకా వెళ్లి రావడానికి మూడు రోజులు పట్టిందంటే మా బజారులో ఎవరూ నమ్మడం లేదు. "కారు మాట్లాడుకుంటే పొద్దున పోయి సాయంత్రానికి ఇంట్లో ఉండేదానివిగా" అంటున్నారు. నిజమే. కాని కారులోకి జామకాయల బుట్ట ఎక్కదు, శనక్కాయల బుట్ట ఎక్కదు, తోటి ప్రయాణికుల కష్టసుఖాలు అసలే ఎక్కవు. పైగా కారు కిరాయికీ ప్యాసింజరు టికెట్టుకీ ఉన్న తేడా చెప్పగానే ఆ అన్నవాళ్లే నన్ను మెచ్చుకుంటారు.

గుంటూరు

మాది స్టీలు సామాన్ల కొట్టు. మా ఇంట్లో పిల్లలకి వచ్చే మొదటి మాట "ఎంత", రెండో మాట "అమ్మో, అంతా?". నేను బస్సు కండక్టరుని కూడా "చివరి మాట చెప్పు" అని అడిగిన మనిషిని. రైలు టికెట్టు కిటికీ దగ్గర మాత్రం బుద్ధిగా ఉంటాను. అద్దం వెనక ఉన్న అమ్మాయికి నా మాట సరిగ్గా వినపడదు, వినపడని మనిషితో బేరమాడితే గొంతు నొప్పి తప్ప మిగిలేది లేదు.

నా చిన్నప్పుడు ఇది చిన్న లైను. పట్టాల మధ్య మీటరు ఎడం, ముందు బొగ్గింజను, వెనక సన్నటి పెట్టెలు. నాన్న గిన్నెల మూటలు వేసుకుని ఈ బండిలోనే మార్కాపురం దాకా వ్యాపారానికి పోయేవాడు. సెలవుల్లో నన్నూ తీసుకెళ్లేవాడు. మూటల పక్కన నేనుంటే కొనేవాళ్లు జాలిపడతారని అమ్మతో అనడం విన్నాను. ఆ ఇంజను ఈల వేసి, ఆవిరి వదిలి, దగ్గి, ఊగి, స్టేషను దాటే లోపల కిటికీలోంచి ఒక బేరం మొదలుపెట్టి ముగించొచ్చు. నాన్న నాకు బేరం నేర్పింది ఆ వ్యవధిలోనే.

ముప్పై ఏళ్ల కిందట చిన్న పట్టాలు పీకేసి పెద్ద లైను వేశారు. ఈమధ్య పైన కరెంటు తీగ వచ్చింది. ఇప్పుడు పక్కనే రెండో లైను వేస్తున్నారు. ఇన్ని వచ్చినా నేను మాత్రం మళ్లీ ఎక్కలేదు. డిసెంబరులో కొట్టు మా తమ్ముడికి అప్పజెప్పి, ఒక గురువారం పొద్దున ఎక్కాను. దొనకొండ దాకా పోవాలి, నచ్చిన చోట దిగాలి, శనివారానికి తిరిగి రావాలి. ప్రణాళిక అంతే.

నరసరావుపేట

ఫిరంగిపురం కొండా, చర్చి గోపురం దాటేదాకా అంతా సవ్యంగానే ఉంది. నరసరావుపేటలో కిటికీ దగ్గరికి జామకాయలామె వచ్చింది.

"నాలుగు యాభై."

"ముప్పై."

"నలభై అయిదుకి తీసుకోమ్మా, బోణీ."

పదకొండు గంటలకి బోణీ ఏమిటని నేను మొహం తిప్పుకున్నాను. ఇది నాన్న విద్య. మొహం తిప్పుకుంటే ధర అయిదు తగ్గుతుంది, రెండోసారి తిప్పుకుంటే ఇంకో అయిదు. నేను తిప్పుకున్న మొహం మళ్లీ ఇటు తిప్పేసరికి జామకాయలామె లేదు, ప్లాట్‌ఫారం కూడా లేదు. పత్తి చేలు పరిగెడుతున్నాయి.

ఎదుటి సీట్లో కూర్చున్నాయన సన్నగా నవ్వాడు. "కరెంటు బండి కదమ్మా ఇది. మనం మొహం తిప్పుకునేదాకా ఆగదు."

ఆయన ఒళ్లోని సంచిలోంచి ఒక జామకాయ తీసి నాకిచ్చాడు. ఎంతకి తీసుకున్నారని అడగకుండా ఉండలేకపోయాను.

"నలభైకి నాలుగు. బండి ఆగకముందే తలుపు దగ్గర నిలబడి మాట్లాడేశా."

నేను కళ్లెదుట ఓడిపోయింది ఈ మనిషికే అని అర్థమైంది. పేరు యేసురత్నం. రైల్వేలో గేట్‌మన్. ఇంకో రెండేళ్లలో రిటైరవుతాడు. పెద్ద లైను వేసేటప్పుడు కూలీగా చేరాడట. "చిన్న పట్టాలు పీకింది ఈ చేతులే, పెద్దయి పరిచిందీ ఈ చేతులే," అన్నాడు చేతులు చూపిస్తూ. "మాకు మీటరు కర్ర ఒకటి ఇచ్చారు, ఎడం కొలవడానికి. పెద్ద లైను పడ్డాక ఆ కర్ర ఎందుకూ పనికిరాకుండా పోయింది. మా ఆవిడ దాన్ని దండేనికి కట్టింది. ఇప్పుడు మా గేటు కూడా అంతే. ఎల్లుండి పన్నెండింటికి మూసేస్తారు."

"గేటు మూసేస్తే బళ్లు ఎటు పోతాయి?"

"పక్కనే అండర్ బ్రిడ్జి కట్టారు. రైలు పైన పోద్ది, జనం కింద పోతారు. ఆగే పనే లేదు. శనివారం నించీ అదే దారి." ఆయన జామకాయ కొరికి కాసేపు నమిలాడు. "దాని ఎత్తు పది అడుగులమ్మా. మా ఊరి పత్తి ట్రక్కు పద్నాలుగు."

కాలవలో కాలు జారినట్టు నా నోరు జారింది. "మాట్లాడి చూశారా? అధికారులతో కూడా మాట్లాడే పద్ధతి ఒకటి ఉంటుందండి. ఎక్కువ అడగాలి. ఎక్కువ అడిగితే సరైనది దక్కుతుంది." ఇంకా ఏవేవో అన్నాను. ఒకాయన దగ్గర ఫ్యాను సగం ధరకి కొన్న కథ కూడా చెప్పాను. ఆ ఫ్యాను తిరగదన్న సంగతి చెప్పలేదు.

యేసురత్నం శ్రద్ధగా విన్నాడు. "అయితే మీరొచ్చి మాట్లాడండమ్మా. మా ఊళ్లో పండించేవాళ్లున్నారు గానీ బేరమాడేవాళ్లు లేరు."

అది ఎంత అబద్ధమో మర్నాడు తెలిసింది.

వినుకొండ

యేసురత్నానికి ఆ రాత్రి వినుకొండలో బంధువుల ఇంట్లో ప్రార్థన ఉంది. నేను లాడ్జిలో దిగాను. గల్లాపెట్టె దగ్గర కుర్చీలో ఉన్న మనిషి గది ఏడు వందలన్నాడు. అరగంట కూర్చుని అయిదు వందలకి తెచ్చాను. వేడినీళ్లకి వంద, రెండో దుప్పటికి వంద తీసుకున్నాడు. పొద్దున డబ్బులిస్తుంటే ఆ కుర్చీలో మనిషి నాకు లేచి నమస్కారం పెట్టాడు. ఏడు వందలు ఇచ్చే గిరాకీకి ఎవరైనా పెడతారు.

బజారులో ఇడ్లీ తిన్నాను. గుంటూరులో మనం చట్నీ మీద కారప్పొడి చల్లుకుంటాం, ఇక్కడ కారప్పొడి మీద చట్నీ వేస్తున్నారు. నా కళ్లలో నీళ్లు చూసి హోటలామె అడిగింది, "ఏ ఊరమ్మా?" గుంటూరన్నాను. "మిరపకాయల ఊరేగా," అంది. అవునమ్మా, మేం అమ్ముతాం, తినేది మీరు అని చెప్పి ఇంకో గ్లాసు మంచినీళ్లు తెప్పించుకున్నాను.

గేటు

యేసురత్నం, నేనూ మళ్లీ బండెక్కి, ఒక చిన్న స్టేషనులో దిగి పొలాల మధ్య రెండు కిలోమీటర్లు నడిచాం. ఒక వైపు మిరప చేలు, ఇంకో వైపు పత్తి. మధ్యలో కొత్త కంకర మీద రెండు లైన్లు నిగనిగలాడుతున్నాయి. గేటుకి ఇవతల ఊరు, అవతల పత్తి మిల్లుకి పోయే తారు రోడ్డు. గేటుకి రెండు వైపులా, పైన కరెంటు తీగకి ఏదీ తగలకుండా, పొడుగాటి ఇనప కమాన్లు. పక్కన వంద గజాల్లో కొత్త అండర్ బ్రిడ్జి, తెల్ల సున్నం ఆరీ ఆరకుండా ఉంది. దాని ముందూ రెండు స్తంభాలు, అడ్డంగా పసుపూ నలుపూ చారల ఇనప దూలం. ఎత్తు ఎక్కువున్న బండి లోపల ఇరుక్కోకుండా ముందే ఆపడానికి పెట్టింది. ఊళ్లో దాన్ని ఉరికంబం అంటున్నారు.

మేం చేరేసరికి ఉరికంబం ముందు ట్రాక్టరు ఆగి ఉంది. వెనక ట్రక్కు నిండా పత్తి బోరేలు, మనిషెత్తు గోనె సంచులు, ఒకదాని మీద ఒకటి తాళ్లతో బిగించి ఉన్నాయి. దూలం ట్రక్కు నడుం దగ్గరకి వస్తోంది. ట్రక్కు పక్కన నడుం మీద చేతులు పెట్టుకుని ఒక మనిషి నిలబడి ఉంది. ఆమె కోటమ్మ. ఆరెకరాలు కౌలుకి చేస్తుంది. భర్తకి నడుం పట్టేసింది కాబట్టి సాగూ అమ్మకం అన్నీ ఆమెవే.

"చూసొద్దామని తెచ్చా," అంది కోటమ్మ యేసురత్నంతో. "పట్టదని తెలుసు. అయినా ఎంత పట్టదో చూద్దామని."

యేసురత్నం నన్ను పరిచయం చేశాడు. "గుంటూరమ్మ. అధికారులతో మాట్లాడద్ది."

కోటమ్మ నన్ను పైనించి కింది దాకా చూసింది. "బ్రిడ్జి కాడ సగం దించి రెండు సార్లు తోలితే ట్రాక్టరు కిరాయి రెండింతలమ్మా. ఇంకో గేటు దాకా పోతే ఇరవై కిలోమీటర్లు చుట్టు. ఏది చేసినా ఈ ఏడు నాకు మిగిలేది ఆకులే. ఇంకా మూడు ట్రక్కుల పత్తి చేలో ఉంది."

"అసలు పది అడుగులు చాలని ఎవరు చెప్పారు?" అన్నాను.

చుట్టూ చేరిన పది మందీ ఒక పెద్దాయన వైపు చూశారు. ఆయన వీరయ్యగారు, ఒకప్పటి సర్పంచి. ఆయన గేటు వైపు చూశాడు.

"చెప్పు పెదనాన్నా," అంది కోటమ్మ. "ఊరంతటికీ తెలిసిందేగా."

"వాడు పుస్తకం పట్టుకొచ్చాడమ్మా," అన్నాడు వీరయ్యగారు.

ఆ ఒక్క ముక్కతో నాకు మొత్తం అర్థమైంది. మా కొట్టులోనూ అంతే. పన్ను లెక్కల పుస్తకం పట్టుకున్న మనిషి గుమ్మం ఎక్కితే నాన్న మొహం వాడిపోయేది. అమ్మకాలెలా ఉన్నాయంటే "ఇవాళ ఈగలు తోలుతున్నామండి" అనేవాడు, వెనక గదిలో రెండు బళ్ల సరుకు దించుతుండగా.

ఈ ఊరు ఆ విద్యలో మా నాన్నకి పెద్దన్న. ఎకరానికి ఎంత పండిందంటే సగం చెబుతారు. బర్రెలెన్నంటే ఒకటి చెబుతారు, అదీ వట్టిపోయిందని. బోరులో నీళ్లెన్ని అంగుళాలంటే "ఎండిపోయేట్టుందండి" అంటారు. మూడేళ్ల కిందట ఎండాకాలంలో, చేలల్లో పత్తి లేని రోజుల్లో, అండర్ బ్రిడ్జి కొలతల కోసం రైల్వే మనిషి వచ్చాడు. పుస్తకం తెరిచి "మీ బళ్ల మీద లోడు ఎంత ఎత్తు వేస్తారు?" అన్నాడు. ఎక్కువ వేస్తామంటే ఏ జరిమానా పడుతుందోనని వీరయ్యగారు ఆలోచించను కూడా ఆలోచించలేదు. ఆ జవాబు నోట్లో తయారుగా ఉంది.

"అబ్బే, ఎంతండీ, తొమ్మిది అడుగులు దాటదన్నానమ్మా," అన్నాడు వీరయ్యగారు. "వాడు మంచోడు. ఇంకో అడుగు వాడే కలుపుకున్నాడు."

"ఊరంతా సంతకాలు పెట్టాం," అన్నాడు వెనక నుంచి ఒకాయన.

"మీరు ఆయన పక్కనే ఉన్నారుగా, ఎవరూ కాదనలేదా?" అని అడిగాను.

"కాదనడమా," అంది కోటమ్మ. "నేనైతే ఎనిమిదే అందామనుకున్నా."

దొనకొండ

మధ్యాహ్నం బండికి నలుగురం దొనకొండ వెళ్లాం, నేను, కోటమ్మ, వీరయ్యగారు, యేసురత్నం. పని చూసే ఇంజనీరు అక్కడ ఉంటాడు.

బొగ్గింజన్ల కాలంలో దొనకొండ ఈ లైనుకి పుట్టిల్లు. ఇంజన్లు ఇక్కడే నీళ్లు తాగి, బొగ్గు తిని, పడుకునేవి. వాటిని తోలేవాళ్లకి కట్టిన క్వార్టర్లు ఇంకా ఉన్నాయి, దళసరి గోడలు, ఎత్తు కప్పులు, కొన్నింటికి తలుపుల్లేవు. వాటి వరండాల్లో ఎవరివో మేకలు అధికారుల్లా కూర్చుని ఉన్నాయి. చిన్నప్పుడు నాన్నా నేనూ ఇక్కడ దిగితే ఒళ్లంతా మసి అయ్యేది. ఇప్పుడు స్టేషను శుభ్రంగా ఉంది, చీర మీద చిన్న మరక పడలేదు, నాకే కాస్త వెలితిగా అనిపించింది. టీ పది రూపాయలు. బేరమాడలేదు. బండిలో నేర్చిన పాఠం ఇంకా వేడిగా ఉంది.

ఇంజనీరు మా తమ్ముడి కొడుకు ఈడువాడు. రెండో లైను పనిలో ఎండకి కమిలి ఉన్నాడు. అప్పుడే అన్నం డబ్బా మూత తీశాడు, మమ్మల్ని చూసి మళ్లీ పెట్టేశాడు. అతను కూర్చోమన్న తీరు చూసి సగం గెలిచామనుకున్నాను.

మొదలుపెట్టాను. "బాబూ, ఆ గేటు ఎప్పటికీ ఉండాలి." ఇది నా మొదటి ధర. దాని మీంచి తగ్గుతూ ఈ పంట అయ్యేదాకా అన్న చోట ఆగుదామని నా లెక్క.

అతను తగ్గించమని అడగలేదు. ఒక కాగితం తీసి మా ముందు పెట్టాడు. "లోడు ఎత్తు తొమ్మిది అడుగులు. కింద ముప్పై రెండు సంతకాలున్నాయి. ఇందులో నాలుగోది మీదేనా అమ్మా?"

కోటమ్మ వంగి చూసింది. "నాదే. అప్పుడు నా చేవ్రాలు బాగుండేది."

బేరానికి కాగితం ఎదురు నిలబడితే ఎలా మాట్లాడాలో నాన్న నేర్పలేదు. నేను మంచినీళ్లు అడిగాను.

"ఇది చూసే కట్టాం," అన్నాడు ఇంజనీరు. "మీరు అసలెంత ఎత్తు వేస్తారో చెప్పండి. నిజం చెబితే పైకి రాస్తాను. గేటు మూసేలోపు రాయాలి."

ఇంతకన్నా సులువైన ప్రశ్న ఉండదు. జవాబు పద్నాలుగు. వీరయ్యగారు గొంతు సవరించుకున్నాడు. ఆయన చూపు బల్ల మీదున్న పుస్తకం మీద పడింది.

"పన్నెండండి," అన్నాడు.

యేసురత్నం కళ్లు మూసుకున్నాడు. నేను ఇంకాస్త మంచినీళ్లు తాగాను.

ఇంజనీరు పెన్ను కింద పెట్టి చాలాసేపు వీరయ్యగారిని చూశాడు. కోపంగా లేదు, అలసటగా ఉంది. "తాతా, మీ మాటకి నేను రెండు కలుపుకోవాలా, రెండు తీసేయాలా? నాకు ఏదీ తెలీదు. రేపు పదింటికి లోడు గేటు దగ్గరికి తీసుకురండి. నేనే కొలుస్తాను. పన్నెండింటికి గేటు మూయమని నా చేతిలో ఆర్డరుంది. ఆ లోపే ఏదైనా."

తిరుగు బండిలో వీరయ్యగారు కిటికీ వదల్లేదు. కురిచేడు దగ్గర మాత్రం ఒక మాటన్నాడు, "పద్నాలుగు అనే అనుకున్నానమ్మా. నోరు పన్నెండంది."

ఆ రాత్రి భోజనం కోటమ్మ ఇంట్లో. జొన్నరొట్టె, చిక్కుడుకాయ కూర, పండుమిరప పచ్చడి, గడ్డపెరుగు. పెరుగు రెండోసారి వేయించుకున్నాను, పచ్చడి రెండోసారి వద్దన్నాను. భోజనాలయ్యాక పది మంది వాకిట్లో చేరారు. రేపు ఏం చేయాలన్నది ప్రశ్న. అందరూ నావైపు చూశారు.

అప్పుడు నేను నోరు మూసుకుని ఉండాల్సింది. "ఆ అబ్బాయి ఎటూ రెండు తగ్గించుకుంటాడు," అన్నాను. "కొంచెం ఎక్కువ చూపించండి. ఎక్కువ చూపిస్తేనే సరైనది దక్కుతుంది."

అందరికీ మాట నచ్చింది. కోటమ్మ ఒక్కతే లేచి గిన్నెలు కడగడానికి పోయింది.

శనివారం

ఈ ఊళ్లో పని చెబితే సగం చేసేవాళ్లు ఎవరూ లేరు. పొద్దున నేను లేచేసరికి కోటమ్మ ట్రక్కు చుట్టూ ఊరంతా ఉంది. ఇంటింటి నుంచీ బోరేలు వచ్చాయి. పాత పత్తి, కొత్త పత్తి, ఒకరిదైతే దూది తీయాల్సిన పరుపు. మా ఇంటి నుంచి రాలేదనిపించుకోకూడదని ప్రతి ఇల్లూ ఒకటి ఇచ్చింది. పైన నిలబడ్డ మనిషి కింద వాళ్లకి గుప్పెడంత కనపడుతున్నాడు. కొలిచి చూశారు. పదిహేడు అడుగులు.

"మరీ అంత వద్దేమో," అన్నాను.

"మీరేగా అమ్మా ఎక్కువన్నది," అన్నారు వాళ్లు సంతోషంగా.

పదింటికి ట్రాక్టరు ఊరేగింపులా గేటు దగ్గరికి బయలుదేరింది. ముందు వీరయ్యగారు, వెనక మేమందరం. ఇంజనీరు అప్పటికే వచ్చి, గేటు అవతల మోటారుసైకిలు మీద కూర్చుని ఉన్నాడు. గేటుకి ఇంకా ఇరవై గజాలుండగా పెద్ద చప్పుడుతో ట్రాక్టరు ఆగిపోయింది. పై బోరేలు ఇనప కమానుకి తగిలి రెండు పగిలాయి. పత్తి మా అందరి నెత్తిన వాన పడ్డట్టు పడింది.

ఉరికంబం సంగతే ఆలోచిస్తూ, గేటుకి కూడా ఒక కమానుందని ఊరు ఊరంతా మర్చిపోయింది. తీగ పడ్డప్పటి నుంచీ ఉందది. పద్నాలుగు అడుగుల లోడు ఎప్పుడూ దానికి తగల్లేదు, తగలని దాన్ని ఎవరు చూస్తారు. ఇప్పుడు పరిస్థితి ఏమిటంటే, గేటు ఉంచమని అడగడానికి తెచ్చిన లోడు ఆ గేటులోంచే పట్టదు. రెండు గంటల్లో గేటు మూస్తారు.

ఇంజనీరు అవతల నుంచి నడిచి వచ్చాడు. పైకి చూశాడు. పరుపు కూడా చూశాడు.

"నిన్న పన్నెండు," అన్నాడు. "ఇవాళ ఇది."

వీరయ్యగారు భుజాల మీద పడ్డ పత్తి దులుపుకున్నాడు. నేను ఆయన వెనక నిలబడ్డాను, మరీ వెనకాల. ఇంజనీరు వాచీ చూసుకుని మోటారుసైకిలు వైపు తిరిగాడు. అతను వెళ్లిపోతే ఇక చెప్పుకునే మనిషి లేడు.

కోటమ్మ తలగుడ్డ బిగించి ట్రక్కు చక్రం మీద కాలేసి పైకి ఎక్కింది.

"బాబూ, ఆగు," అంది పైనించి. "నాది ఏదో నాకు తెలుసు. నాది కానిదంతా దించుతా. దించినాక కొలువు."

తాళ్లు విప్పింది. మొదట పరుపు వచ్చింది, దాని యజమాని చూపులు తప్పించుకుంటూ చంకలో పెట్టుకుపోయాడు. తర్వాత ఒక్కొక్క బోరెం. "ఇది వెంకాయమ్మది, తీసుకోండి. ఇది మావయ్యది. ఇది ఎవరిదో గానీ తడిసింది, సిగ్గులేదా." యేసురత్నం రెండు సార్లు రైళ్ల కోసం గేటు వేసి తీశాడు. నేనూ ఒక చెయ్యి వేశాను. పత్తి బోరెం చూడ్డానికి దూదిలా ఉంటుంది, మోస్తే గిన్నెల మూట నయం. ఇంజనీరు వెళ్లలేదు. నీడలో నిలబడి చూస్తూనే ఉన్నాడు.

పదకొండున్నరకి కోటమ్మ ఆగింది. "ఇదీ నాది. రోజూ వేసేది ఇంతే. పద్నాలుగు అడుగుల మూడంగుళాలు. అంగుళం ఎక్కువ లేదు, తక్కువ లేదు. కొలుచుకో."

అతను టేపు పైకి విసిరాడు. ఆమె పై కొస పట్టుకుంది, అతను కింది కొస పట్టుకుని వంగి చూశాడు. మళ్లీ చూశాడు. పద్నాలుగు అడుగుల మూడంగుళాలు.

అతను పక్కకి పోయి ఎవరికో ఫోను చేశాడు. చాలాసేపు విన్నాడు, మధ్యలో "అవునండి, నేనే కొలిచానండి" అన్నాడు. పన్నెండు కావడానికి పది నిమిషాలుండగా వచ్చాడు. "నేను రాసింది చూసి పై నుంచి జవాబు వచ్చేదాకా గేటు మూయొద్దన్నారు. అయితే ఎప్పటిదాకా కావాలో నేను రాయాలి. పత్తి ఎన్నాళ్లు వస్తుంది?"

గుంపు మొత్తం రెండడుగులు ముందుకి జరిగింది. పక్కనున్నవాళ్ల పెదాలు కదలడం చూశాను. కొందరివి ఉగాది అంటున్నాయి, కొందరివి ఎండాకాలం అంటున్నాయి. నా పెదాలు కూడా ఉగాది దగ్గరే ఉన్నాయని ఒప్పుకుంటున్నాను. వీరయ్యగారు ముందుకి వచ్చాడు. పుస్తకం తెరిచి ఉంది. ఆయన దాన్ని చూశాడు, ట్రక్కు మీద నిలబడ్డ కోటమ్మని చూశాడు. నుదుట చెమట పట్టింది.

"జనవరి ఆఖరండి," అన్నాడు. "వారం అటూ ఇటూ."

"అంతేనా?"

"అంతేనండి."

ఇంజనీరు దానికి ఏమీ కలపలేదు, ఏమీ తీసేయలేదు. రాసుకున్నాడు. ఆ తర్వాతి పంటలకి ఏం చేయాలన్నది ఈ కొలత చూసి మళ్లీ తేలుస్తారని చెప్పాడు. యేసురత్నం గేటు ఎత్తాడు. కోటమ్మ ట్రక్కు మీంచి దిగలేదు. కమానుకి తగలకుండా బోరేల మీద బోర్లా పడుకుంది, ట్రాక్టరు పట్టాలు దాటి మిల్లు రోడ్డు ఎక్కింది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. పని చేసిన జనం కాబట్టి నీళ్లు తాగడానికి పోయారు.

సంతకం పెట్టమని ఇంజనీరు కాగితం చాపితే వీరయ్యగారు పెన్ను తీసుకోలేదు. "ముందు చదువు నాయనా," అన్నాడు.

అతను గట్టిగా చదివాడు. "పత్తి లోడు ఎత్తు పద్నాలుగు అడుగుల మూడంగుళాలు. గ్రామస్థులు చెప్పిందీ, నేను కొలిచిందీ ఒకటే."

తమ అసలు కొలత ఎవరో పైకి చదవగా ఆ ఊరు వినడం అదే మొదటిసారి అనుకుంటాను. వీరయ్యగారు సంతకం పెట్టి, మెల్లగా వెనక్కి తిరిగి, రోడ్డు మీద కొత్తవాళ్లెవరైనా విన్నారేమోనని చూశాడు. కనపడింది నేనొక్కదాన్నే.

"అమ్మా, నువ్వు ఎక్కడన్నా రాస్తే ఊరి పేరు మాత్రం రాయమాక," అన్నాడు.

రాయలేదు.